నేల కొంచెం, నీరు అపారం, హక్కు ఎవరిది?

ద్వీప దేశాల గురించి ఇంతవరకు జరిగిన చర్చలో రెండు వాదాలు బలంగా వినిపిస్తాయి. మొదటిది భూగోళాన్ని చూసి తీర్పు చెబుతుంది. నేల తక్కువ, జనం తక్కువ, పెద్ద మార్కెట్లకు దూరం, తుపాను వచ్చినా చక్కెర ధర పడిపోయినా తట్టుకునే వెసులుబాటు లేదు, కాబట్టి ఈ దేశాలు ఎప్పటికీ ఎవరో ఒకరి చేయి చూసి బతకాల్సిందేనని దాని సారం. 1985లో బెర్ట్రమ్, వాటర్స్ అనే ఇద్దరు పరిశోధకులు పసిఫిక్ చిన్న దేశాలను పరిశీలించి, అవి వలసల మీద, వలస వెళ్లినవాళ్లు ఇంటికి పంపే డబ్బు మీద, విదేశీ సాయం మీద, సర్కారు ఉద్యోగాల మీద నడుస్తున్నాయని చెప్పాక ఈ వాదానికి శాస్త్రీయమైన గౌరవం కూడా వచ్చింది. రెండో వాదం 1993లో ఎపెలి హౌఓఫా రాసిన ఒక వ్యాసంతో నిలదొక్కుకుంది. టోంగా మూలాలున్న ఈ రచయిత, ఫిజీలోని సువాలో పాఠాలు చెబుతూ, దీవులను సముద్రంలో చెల్లాచెదురైన నేల ముక్కలుగా చూడడం వలస పాలకుల చూపని, అక్కడి పూర్వీకులకు సముద్రం కూడా ఇంటిలో భాగమేనని, ఆ లెక్కన వాళ్ల ప్రపంచం చిన్నదెలా అవుతుందని నిలదీశాడు. ఈ రెండు వాదాల్లోనూ నిజం ఉంది. అయితే రెండూ ఒక ప్రశ్నను దాటేస్తున్నాయి. నేల మీద, నేల కింద ఖనిజం మీద, చుట్టూ ఉన్న నీటి మీద చట్టం గుర్తించే హక్కు ఏ రోజున ఎవరి చేతిలో ఉంది? ద్వీప దేశాలు నిలబడిన ఘట్టాలూ, చితికిపోయిన ఘట్టాలూ చాలావరకు ఈ ప్రశ్న దగ్గరే విడిపోయాయన్నది ఇక్కడ చేయబోయే వాదన. ఐక్యరాజ్యసమితి సభ్యదేశాల్లో దాదాపు నాలుగోవంతు ద్వీప దేశాలే కనుక, ఇది ఏదో మారుమూల సంగతి కాదు.

ముందు భూగోళానికి ఇవ్వవలసిన విలువ ఇవ్వాలి. దీవులన్నీ ఒక జాతివి కావు. శ్రీలంక, మడగాస్కర్ లాంటివి ఖండాల నుంచి విడివడ్డ ముక్కలు. వాటికి నదులు, కొండలు, గనులు, రకరకాల నేలలు ఉన్నాయి. సమోవా, మారిషస్ లాంటివి అగ్నిపర్వతాలు పైకి తెచ్చినవి. నేల సారవంతమైనది, కొండల మీద వాన పడుతుంది. మూడో రకం పగడపు వలయాలు. సముద్రంలోంచి లేచిన అగ్నిపర్వతం మెల్లగా కుంగిపోతుంటే, దాని అంచున పగడాలు అదే వేగంతో పైకి పెరుగుతూ పోగా చివరికి కొండ మాయమై వలయం మిగులుతుందని డార్విన్ 1842లోనే ఊహించాడు. 1952లో మార్షల్ దీవుల్లోని ఎనెవెటాక్ మీద బోరు వేసినప్పుడు 1,200 మీటర్లకు పైగా లోతున అగ్నిపర్వత శిల తగిలి ఆ ఊహ నిజమని తేలింది. ఇలాంటి వలయాల మీద ఏర్పడిన కిరిబాటి, తువాలు, మార్షల్ దీవులు, మాల్దీవులలో వాగు లేదు, చెరువు లేదు. ఇసుకలోకి ఇంకిన వాన నీరు ఉప్పునీటికన్నా తేలిక కాబట్టి దాని మీద పలచని పొరగా తేలుతుంది. ఆ పొరే తాగునీరు. వానలు ముఖం చాటేస్తే, లేదా బావిలోంచి కాస్త ఎక్కువ తోడితే, కిందినుంచి ఉప్పు పైకి వస్తుంది. 2011లో తువాలు నీటి కోసం అత్యవసర పరిస్థితి ప్రకటించి, ఆస్ట్రేలియా, న్యూజీలాండ్‌ల నుంచి నీళ్లు, నీటిని శుద్ధిచేసే యంత్రాలు తెప్పించుకోవలసి వచ్చింది. ఈ పరిమితిని ఏ హక్కుల పత్రమూ చెరిపేయలేదు. భూగోళం హద్దులు గీస్తుంది, అవి కఠినమైన హద్దులే. కాని ఆ హద్దుల లోపల ఏం జరిగిందో అది చెప్పదు.

దూరం అనే మాటను మాత్రం అంత తేలిగ్గా ఒప్పుకోనక్కర్లేదు. మూడువేల ఏళ్ల కిందటే లపిటా కుండలు చేసే జనం న్యూగినీకి తూర్పున ఉన్న బిస్మార్క్ దీవుల నుంచి టోంగా, సమోవాల దాకా వెళ్లారు. వాళ్ల వారసులు ఆ తర్వాత హవాయిని, న్యూజీలాండ్‌ను చేరారు. 1769లో కెప్టెన్ కుక్ ఓడ ఎక్కిన టుపాయియా అనే తహితి పూజారి డజన్ల కొద్దీ దీవుల పేర్లు, అవి ఉన్న దిక్కులు చెప్పగలిగాడు. వేల కిలోమీటర్లు వెళ్లాక న్యూజీలాండ్‌లో మావోరీలతో మాట్లాడితే ఒకరి మాట ఒకరికి అర్థమైంది. 1976లో మైక్రోనేసియాలోని సతవాల్ దీవికి చెందిన మావు పియాయిలుగ్ నక్షత్రాలను, అలల వాలును మాత్రమే చూసుకుంటూ హోకులేఆ అనే జంటపడవను హవాయి నుంచి తహితికి నడిపించి, ఆ పూర్వపు ప్రయాణాలు గాలివాటం కావని చూపించాడు. మన వైపు హిందూ మహాసముద్రంలోనూ అదే కథ. 1343లో ఇబ్న్ బతూతా మాల్దీవులు చేరేసరికే అక్కడి గవ్వలు బెంగాల్‌కు వెళ్లి బియ్యంగా తిరిగొస్తున్నాయి. బెంగాల్‌లో, ఒడిశాలో పంతొమ్మిదో శతాబ్దం మొదటి దాకా చిల్లర నాణెంగా చెల్లినవి ఆ గవ్వలే. కాబట్టి ఏకాంతం ఈ దీవులకు పుట్టుకతో వచ్చింది కాదు. ఎవరు ఎక్కడికి వెళ్లవచ్చో, ఏ దీవి ఎవరి కింద ఉండాలో యూరప్ రాజధానుల్లో గీతలు గీసిన తర్వాత అది పెరిగింది. సాలమన్ దీవుల వరుసలోదే అయిన బూగన్‌విల్ బ్రిటిష్, జర్మన్ పంపకాల్లో వేరుపడి చివరికి పపువా న్యూగినీలో కలిసింది. 2019 ప్రజాభిప్రాయ సేకరణలో అక్కడివాళ్లు దాదాపు 98 శాతం స్వాతంత్ర్యానికి ఓటు వేశారు. హౌఓఫా చెప్పింది ఇంతవరకు నిజం. కాని సముద్రం మాది అన్న భావన ఒకటి, సముద్రం మాదని ఎదుటివాడి చేత ఒప్పించడం మరొకటి. మొదటిది ఎంత లోతుగా ఉన్నా, రెండోది లేనప్పుడు ఏం జరుగుతుందో చెప్పడానికి ఫాస్ఫేట్ కథను మించిన సాక్ష్యం లేదు.

బనాబా ఆరు చదరపు కిలోమీటర్ల దీవి. 1900లో ఆల్బర్ట్ ఎల్లిస్ అనే కంపెనీ ఉద్యోగి అక్కడి రాయి అంతా మేలురకం ఫాస్ఫేట్ అని గుర్తించి, దీవి పెద్దల చేత ఒక ఒప్పందం మీద గుర్తులు పెట్టించుకున్నాడు. ఏడాదికి 50 పౌండ్లకు 999 ఏళ్ల పాటు తవ్వుకునే హక్కు. దీవి మొత్తం మీద అలాంటి హక్కు రాసిచ్చే అధికారం ఆ సమాజంలో ఏ పెద్దకూ లేదు. అక్కడ నేల కుటుంబాల వారీగా ఉండేది. అయినా ఆ కాగితమే చెల్లింది. 1920 నుంచి బ్రిటన్, ఆస్ట్రేలియా, న్యూజీలాండ్ ఉమ్మడిగా నడిపిన ఫాస్ఫేట్ కమిషన్ ఆ రాతిని తమ రైతులకు చౌకగా చేరవేసింది. ఆ రెండు దక్షిణ దేశాల పచ్చిక బయళ్లు, పాడి, గోధుమ ఈ ఎరువు మీద పెరిగాయి. రెండో ప్రపంచ యుద్ధంలో జపాన్ దీవిని ఆక్రమించింది. యుద్ధం ముగిశాక, 1945 డిసెంబరులో, బతికిన బనాబా ప్రజలను సొంతదీవికి పంపకుండా రెండువేల కిలోమీటర్లకు పైగా దూరాన, ఫిజీలోని రాబి అనే దీవిలో దించారు. ఆ రాబి దీవిని కొన్నది కూడా వాళ్ల రాయల్టీ డబ్బుతోనే. వాళ్లు లండన్ హైకోర్టుకెక్కితే, 1976లో న్యాయమూర్తి స్వయంగా ఆ దీవులను చూసి వచ్చి మరీ, ప్రభుత్వానికి వాళ్లపట్ల బాధ్యత ఉన్నా అది కోర్టు అమలు చేయించగల ట్రస్టు బాధ్యత కాదని తేల్చాడు. 1979లో తవ్వకం ముగిసింది. దీవి పైనేలలో చాలా భాగం అప్పటికి ఓడలెక్కి పోయింది.

నౌరు కథ బనాబా కథకు తోబుట్టువు లాంటిదే, కాని అందులో ఒక మలుపు ఉంది. ఆ మలుపే ఈ వ్యాసం వాదానికి మొదటి గట్టి అభ్యంతరం. ఇరవయ్యొక్క చదరపు కిలోమీటర్ల నౌరు 1968 జనవరి 31న స్వతంత్రమైంది. 1970 నాటికి గనులు తన చేతికి వచ్చాయి. అంతకుముందే తవ్వేసిన మూడోవంతు నేల గురించి 1989లో ఆస్ట్రేలియా మీద అంతర్జాతీయ న్యాయస్థానానికి వెళ్లింది. ఆ కేసు వినడానికి తనకు అధికారం ఉందని కోర్టు 1992లో చెప్పాక, మరుసటి ఏడాది ఆస్ట్రేలియా 10 కోట్ల 70 లక్షల ఆస్ట్రేలియన్ డాలర్లకు రాజీపడింది. హక్కు వచ్చింది, డబ్బూ వచ్చింది. అయినా ఈ శతాబ్దం మొదటికల్లా నౌరు దివాలా అంచున ఉంది. రేపటి కోసం దాచిన ట్రస్టు నిధులు చెడ్డ పెట్టుబడుల్లో, విమానయాన సంస్థలో, విదేశీ భవనాల్లో కరిగిపోయాయి. 2001లో ఆస్ట్రేలియా తన తీరానికి వచ్చే శరణార్థులను ఉంచే శిబిరం పెట్టుకుంటానంటే నౌరు ఒప్పుకోవలసి వచ్చింది. మరి హక్కు ఏం కాపాడినట్టు? జవాబు పక్క దేశంలోనే దొరుకుతుంది. బనాబా ఫాస్ఫేట్ రాబడిలోంచి గిల్బర్ట్ దీవుల పాలకులు 1956లో ఒక నిధి ఏర్పాటు చేశారు. బనాబా ప్రజల దృష్టిలో అది తమ సొమ్ముతో పెట్టిన నిధి. ఆ ఫిర్యాదు న్యాయమైనదే. కాని గిల్బర్ట్ దీవులు 1979లో కిరిబాటి పేరుతో స్వతంత్రమైనప్పుడు ఆ నిధి కొత్త దేశానికి దక్కింది. ఫాస్ఫేట్ అయిపోయి నలభై ఏళ్లు దాటినా అది ఇంకా ఉంది, వంద కోట్ల ఆస్ట్రేలియన్ డాలర్లు దాటింది. రెండు దేశాలదీ ఒకే సముద్రం, ఒకే ఖనిజం, తవ్వినదీ ఒకే కమిషన్. తేడా ఎక్కడంటే, ఒకచోట రాబడిని తాకకూడని నిధిగా చూసే పద్ధతి నిలిచింది, రెండోచోట నిలవలేదు. హక్కుకు కాపలా కాసే ఏర్పాటు లేకపోతే హక్కు చేతికి వచ్చినా జారిపోతుంది. కాబట్టి వాదాన్ని కాస్త సవరించుకోవాలి: హక్కు అవసరం, అది ఒక్కటే చాలదు.

నేల విషయంలో ఇదే పరీక్షను టోంగా, హవాయిల మీద పెట్టి చూడవచ్చు. రెండూ పోలినేసియన్ రాజ్యాలే, రెండింటిలోనూ పంతొమ్మిదో శతాబ్దంలో క్రైస్తవాన్ని తీసుకున్న రాజులు పాశ్చాత్య పద్ధతిలో రాజ్యాంగాలు రాయించారు. హవాయిలో 1848 నాటి భూవిభజనతో నేల కొనుగోలు సరుకైంది. ఆ తర్వాత రెండేళ్లకే విదేశీయులు కూడా కొనుక్కునే వీలు కలిగింది. చెరకు తోటల యజమానులు అలా బలపడి, 1893లో రాణి లిలియుఓకలానీని దింపిన వర్గానికి వెన్నెముక అయ్యారు. 1898లో అమెరికా ఆ దీవులను కలిపేసుకుంది. టోంగాలో మొదటి జార్జి టుపౌ 1875 రాజ్యాంగంలో నేల అమ్మకాన్నే నిషేధించాడు. కౌలుకు ఇవ్వవచ్చు, అమ్మకూడదు. టోంగా 1900 నుంచి 1970 దాకా బ్రిటిష్ రక్షణలో ఉన్నా, రాజ్యం పోలేదు, నేల పోలేదు. దీనికి ఒక ఎదురుమాట ఉంది: హవాయిలో పెర్ల్ హార్బర్ ఉంది, టోంగా మీద అంతగా ఎవరి కన్నూ పడలేదు. ఇది కొట్టిపారేయలేని మాట. నౌకా బలం కావాలనుకున్న అమెరికాను భూచట్టం ఒక్కటే ఆపగలిగేదని ఎవరూ అనలేరు. కాని 1893లో సింహాసనాన్ని కూల్చింది బయటి నుంచి దండెత్తిన సైన్యం కాదు. లోపల ఆస్తులు సంపాదించుకున్న తోటల యజమానులు, వ్యాపారులే ముందు నడిచి, రేవులో దిగిన అమెరికన్ నావికాదళం అండ తీసుకున్నారు. అలాంటి వర్గం టోంగాలో పుట్టడానికి చట్టం చోటివ్వలేదు.

ఇక్కడ ఫిజీని దాటి పోవడానికి వీల్లేదు, ఎందుకంటే హక్కుల వాదం అక్కడ తనతో తానే ఘర్షణ పడుతుంది. 1874లో ఫిజీని బ్రిటన్‌కు అప్పగించాక తొలి గవర్నర్లలో ఒకరైన ఆర్థర్ గోర్డన్ ఫిజీయన్ల నేల అమ్మకాన్ని ఆపించాడు, వాళ్లను తోటల కూలికి లాగకూడదన్నాడు. ఈనాటికీ ఆ దేశంలో ఐదింట నాలుగు వంతులకు పైగా నేల మూలవాసి కుటుంబ సమూహాలదే. మరి తోటల్లో పనిచేసేదెవరు? 1879లో లియోనిడాస్ ఓడతో మొదలుపెట్టి 1916 దాకా భారతదేశం నుంచి 60 వేలకు పైగా మందిని గిర్మిట్ అనే కూలి ఒప్పందం మీద తీసుకెళ్లారు. 1903 నుంచి మద్రాసు రేవు ద్వారా వెళ్లిన ఓడల్లో తమిళులతో పాటు తెలుగువాళ్లూ ఉన్నారు. ఉత్తర సర్కారు జిల్లాల్లో, ఉత్తర ఆర్కాటులో ఊళ్లు వదిలి వెళ్లిన ఆ కుటుంబాల వారసులు నాలుగైదు తరాలుగా చెరకు పండించారు, కాని కౌలు నేల మీదే. 1976 చట్టం కింద పొడిగించిన కౌళ్లు 1997 నుంచి వరుసగా ముగుస్తుంటే, చాలామంది పంట వదిలి, ఇల్లు వదిలి పట్టణం అంచుల్లోకి, విదేశాలకు వెళ్లిపోయారు. 1987లో, 2000లో ప్రభుత్వాలను కూల్చిన తిరుగుబాట్లలో అధికారంతో పాటు నేల పోతుందన్న భయాన్ని కూడా రెచ్చగొట్టారు. ఒకరి హక్కును కాపాడిన చట్టమే మరొకరిని శాశ్వత కౌలుదారులుగా నిలబెట్టింది. ఇందులో మూలవాసుల హక్కు తప్పని అనడం అన్యాయం. హవాయి ఏమైందో చూశాం. తప్పు ఎక్కడుందంటే, నేల యజమానికీ కౌలుదారుకూ మధ్య నిలబడవలసిన నమ్మకమైన, దీర్ఘకాలపు ఒప్పందాన్ని చక్కెర కంపెనీ అవసరాలు తీరినంత కాలం ఎవరూ తలపెట్టలేదు. ఎముకలు అరగదీసి ఆ దేశాన్ని చెరకు దేశంగా చేసినవాళ్లకు స్థిరమైన చోటు దక్కకపోవడం ద్వీప దేశాల చరిత్రలో మిగిలిపోయిన పెద్ద బాకీ.

మారిషస్ ఈ వాదానికి మరో వైపు నుంచి అడ్డం వస్తుంది. అక్కడ మూలవాసులు లేరు. డచ్చివాళ్లు, ఫ్రెంచివాళ్లు, బ్రిటిష్‌వాళ్లు తెచ్చిన జనమే అంతా. నేల ఫ్రెంచి సంతతి చక్కెర కుటుంబాల చేతిలో ఉంది. బానిసత్వం రద్దవుతున్న వేళ 1834 నుంచి నాలుగున్నర లక్షల మంది దాకా భారతీయ కూలీలు పోర్ట్ లూయిస్ రేవులో దిగారు. కోరంగి, విశాఖపట్నం తీరాల నుంచి వెళ్లిన తెలుగువాళ్లు వాళ్లలో ఉన్నారు, ఉగాది అక్కడ నేటికీ సెలవుదినం. 1961లో ఆర్థికవేత్త జేమ్స్ మీడ్ ఆ దీవిని చూసి, చక్కెర ఒక్కటే పంట, జనాభా ముంచుకొస్తోంది, జాతుల మధ్య పొత్తు లేదు, భవిష్యత్తు బాగుండదని అంచనా కట్టాడు. 1968లో స్వతంత్రమైన ఆ దేశం ఇప్పుడు ఆఫ్రికాలో తలసరి ఆదాయం ఎక్కువగా ఉన్న దేశాల్లో ఒకటి. నేల మీద హక్కు లేని కూలీల సంతతి ఇలా నిలదొక్కుకుంటే, హక్కే కీలకమన్న మాట ఎలా నిలుస్తుంది? కొంచెం లోపలికి వెళ్లి చూస్తే నిలుస్తుంది. పంతొమ్మిదో శతాబ్దం చివర చక్కెర ధరలు పడిపోయి పెద్ద తోటలు ముక్కలుగా అమ్ముడైనప్పుడు, ఒప్పంద కాలం ముగిసిన కూలీలు కూడబెట్టిన డబ్బుతో ఆ ముక్కలు కొన్నారు. అలా చిన్న రైతుల వర్గం ఒకటి పుట్టింది. 1959 ఎన్నికల నాటికి అందరికీ ఓటు వచ్చింది. ఆ ఓటుతో వచ్చిన ప్రభుత్వం చక్కెర ఎగుమతి మీద పన్ను వేసింది, 1970లో ఎగుమతి పరిశ్రమల మండలం పెట్టింది, 1975లో యూరప్‌తో చక్కెరకు హామీ ధర ఇచ్చే ఒప్పందం సంపాదించింది. తోటలను లాక్కోలేదు, వాటి రాబడిలో వాటా పుచ్చుకుంది. మీడ్ అంకెలు తప్పు కావు. హక్కుల లెక్క ఆ అంకెల్లో లేదు, అంతే.

భూగోళమే తలరాత అనేవాళ్లకు చూపించవలసిన పటం హిస్పానియోలా. ఒకే దీవి, పడమట హైతీ, తూర్పున డొమినికన్ రిపబ్లిక్; ఈనాడు రెండింటి ఆదాయాల మధ్య ఎన్నో రెట్ల తేడా. ఈశాన్యపు గాలులు తెచ్చే వాన తూర్పు భాగానికి ఎక్కువ, హైతీ వైపు వాలు కొండలు ఎక్కువ అన్నది నిజం. కాని పద్దెనిమిదో శతాబ్దంలో ఇదే పడమటి భాగం ఫ్రాన్స్‌కు అన్నిటికన్నా సంపన్నమైన వలస. తూర్పు భాగం స్పెయిన్ దాదాపు మరిచిపోయిన మూల. వానా కొండా అప్పుడూ ఇవే. 1804లో బానిసలు తమను తాము విడిపించుకుని దేశం ఏర్పరిస్తే, 1825లో ఫ్రాన్స్ యుద్ధనౌకలు పంపి, పోయిన 'ఆస్తి'కి పరిహారంగా 15 కోట్ల ఫ్రాంకులు కట్టమంది. ఆ ఆస్తిలో ఆ మనుషులు కూడా లెక్కే. 1838లో దాన్ని తొమ్మిది కోట్లకు తగ్గించినా, కట్టడానికి చేసిన అప్పులు, వాటి వడ్డీలు 1947 దాకా తీరలేదు. ఆ తర్వాతి నియంతల పాపం వాళ్లదే, దాన్ని ఫ్రాన్స్ ఖాతాలో వేయనక్కర్లేదు. అయితే బడి కట్టవలసిన, రోడ్డు వేయవలసిన శతాబ్దంలో ఖజానా మీద హక్కు ఎవరిదో ఈ తేదీలు చెబుతున్నాయి.

ఇక నీటి సంగతి. ద్వీప దేశాలు తమ చరిత్రను తామే మార్చుకున్న చోటు ఇదే. అయినా మన పాఠ్యపుస్తకాల్లో ఇది ఎక్కడా పెద్దగా కనిపించదు. ఇరవయ్యో శతాబ్దం సగం దాకా తీరదేశానికి చెందిన నీరు మూడు నాటికల్ మైళ్లు. ఆ అవతల బలమైన పడవ ఉన్నవాడిదే రాజ్యం. సైన్యమే లేని ఐస్‌లాండ్ 1952లో నాలుగు మైళ్లకు, 1958లో పన్నెండుకు, 1972లో యాభైకి, 1975లో రెండువందల మైళ్లకు తన హద్దు జరుపుకుంటూ పోయింది. బ్రిటిష్ యుద్ధనౌకలు కాపలా కాస్తున్నా, దాని తీరరక్షక పడవలు వలల తాళ్లు కోసేవి. నాటో నుంచి తప్పుకుంటామన్న బెదిరింపు కూడా పనిచేసి 1976లో బ్రిటన్ వెనక్కి తగ్గింది. 1957లో ఇండోనేసియా ప్రధాని జువాండా తన వేల దీవుల మధ్య ఉన్న నీరంతా దేశం లోపలిదేనని ప్రకటించినప్పుడు పెద్ద నౌకాశక్తులు ఒప్పుకోలేదు. 1967లో మాల్టా రాయబారి అర్విడ్ పార్డో ఐక్యరాజ్యసమితిలో నిలబడి, సముద్రగర్భం మానవాళి ఉమ్మడి సొత్తుగా ఉండాలని కోరాడు. ఈ మూడు పాయలూ కలిసి 1982 సముద్ర చట్టం అయ్యాయి. ఆ సమావేశాన్ని చివరి దశలో నడిపినవాడు సింగపూర్ దౌత్యవేత్త టామీ కోహ్. చర్చల్లో ముఖ్యుడు, గిర్మిటియాల సంతతివాడైన ఫిజీ దౌత్యవేత్త సత్య నందన్. చట్టాన్ని అందరికన్నా ముందు ఆమోదించిన దేశం ఫిజీ.

దీనివల్ల ఏం మారిందో అంకెల్లో చూడాలి. జనం బతకగల ఒక్క చిన్న దీవి, చుట్టూ మరే దేశం లేకపోతే, రెండువందల మైళ్ల వ్యాసార్ధంతో నాలుగు లక్షల 30 వేల చదరపు కిలోమీటర్ల నీటి మీద హక్కు తెస్తుంది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండూ కలిపినా రెండు లక్షల 75 వేలే. కిరిబాటి నేల 811 చదరపు కిలోమీటర్లు, నీరు 35 లక్షలు, అంటే భారతదేశ విస్తీర్ణం కన్నా ఎక్కువ. కాని కాగితం మీది నీరు రాబడి కావడానికి మరో పోరాటం కావలసి వచ్చింది. ట్యూనా వలసపోయే చేప, దాని మీద తీరదేశానికి హక్కు లేదని అమెరికా వాదించింది. 1984లో సాలమన్ దీవులు ఒక అమెరికన్ ట్యూనా పడవను పట్టుకుంటే, వాళ్ల చేపలు కొనడమే మానేసింది. మరుసటి ఏడాది కిరిబాటి సోవియట్ యూనియన్‌కు చేపల వేట హక్కు అమ్మింది. 1987 కల్లా అమెరికా డబ్బు కట్టే ఒప్పందానికి వచ్చింది. అంతకన్నా ముఖ్యమైన పని ఎనిమిది దేశాలు తమలో తాము చేసుకున్నది. 1982లో మొదలైన నౌరు ఒప్పందంలోని ఈ దేశాలు 2007 నుంచి, ఏడాదికి ఇన్ని రోజులే వేట అని లెక్క కట్టి, పడవలకు రోజుల వారీగా హక్కు అమ్మడం మొదలుపెట్టాయి. ఒక్కో రోజుకు కనీస ధర ఎనిమిది వేల డాలర్ల దాకా పెరిగింది. 2010లో సుమారు ఆరు కోట్ల డాలర్లున్న ఉమ్మడి రాబడి పదేళ్లలో 50 కోట్లకు చేరువైంది. ఎల్ నీన్యో ఏడాదిలో చేప తూర్పుకు, కిరిబాటి వైపు పోతుంది. లా నీన్యాలో పడమటికి, పపువా న్యూగినీ వైపు. అందుకని రోజులను దేశాలు తమలో తాము ఇచ్చిపుచ్చుకునే ఏర్పాటు పెట్టుకున్నాయి. విడివిడిగా ఉన్నప్పుడు ఒకరి మీద ఒకరిని ఎగదోసి ధర తగ్గించే విదేశీ కంపెనీలు ఇప్పుడు ఎనిమిది మందితో ఒకేసారి బేరమాడాలి. చిన్నతనం మారలేదు, దూరం మారలేదు, చేప మారలేదు. హక్కూ, దాన్ని కలిసి కాపాడుకునే పద్ధతీ మారాయి.

అన్నిటికన్నా బరువైన అభ్యంతరం చివరిది. సముద్రమే నేలను మింగేస్తుంటే హక్కుల ముచ్చటెందుకు? దీనికి జవాబు తొందరపడి చెప్పకూడదు. తువాలులోని 101 దీవులను నాలుగు దశాబ్దాల చిత్రాలతో పోల్చి 2018లో వెలువడిన అధ్యయనం, మొత్తం మీద నేల 2.9 శాతం పెరిగిందని చూపింది. అలలు తెచ్చే పగడపు ఇసుక దీవులను కదిలిస్తుంది, ఒకచోట కోస్తే మరోచోట పోస్తుంది. దీన్ని పట్టుకుని ముప్పు లేదనేవాళ్లు మనుషులు నేల విస్తీర్ణం మీద బతకరని మరిచిపోతున్నారు. పైన చెప్పిన తీపినీటి పొర ఉప్పెన ఒక్కసారి ఎక్కినా చెడిపోతుంది, వేడికి పగడాలు చచ్చిపోతే ఆ ఇసుక సరఫరా కూడా ఆగుతుంది. ముప్పు నిజం. అయితే ఈ ముప్పు ముందు కూడా ద్వీప దేశాలు మొదట పట్టుకున్నది చట్టాన్నే. నీటి హద్దులు తీరం నుంచి కొలుస్తారు కాబట్టి తీరం వెనక్కి పోతే హద్దులూ పోతాయా అన్నది వాళ్ల తొలి భయం. ఒకసారి ప్రకటించిన హద్దులు సముద్రమట్టం పెరిగినా మారవని పసిఫిక్ దీవుల ఫోరం 2021లో ప్రకటించింది. వనువాటులో న్యాయశాస్త్రం చదువుతున్న విద్యార్థులు 2019లో మొదలుపెట్టిన ప్రయత్నాన్ని ఆ దేశ ప్రభుత్వం భుజాన వేసుకుంది. చివరికి 2025 జులై 23న అంతర్జాతీయ న్యాయస్థానం తన సలహా తీర్పులో, అలాంటి దేశాలు తమ హద్దుల పటాలను మార్చుకోవలసిన పని లేదని, ఒకసారి ఏర్పడ్డ దేశం నేల పోయినంత మాత్రాన దేశంగా లేకుండా పోవాలని లేదని చెప్పింది. ఆస్ట్రేలియాతో తువాలు చేసుకున్న ఒప్పందం ఏడాదికి 280 మందికి అక్కడ స్థిరపడే దారి ఇస్తూనే, తువాలు దేశంగా కొనసాగుతుందని గుర్తిస్తుంది. బదులుగా భద్రతా ఒప్పందాల్లో ఆస్ట్రేలియాకు మాట చెల్లే చోటు దక్కింది. ఇది రెండువైపులా పదునున్న బేరం. సముద్రం మింగకపోయినా నేలను పోగొట్టుకున్న జనం ఉన్నారని కూడా ఇక్కడే గుర్తుచేసుకోవాలి: మారిషస్‌కు స్వాతంత్ర్యం ఇవ్వబోయే ముందు, 1965లో బ్రిటన్ చాగోస్ దీవులను వేరుచేసి, 1973 కల్లా అక్కడి జనమందర్నీ తరలించింది, డియెగో గార్సియాలో అమెరికన్ స్థావరం కోసం. ఆ దీవులను ఏ ఉప్పెనా ముంచలేదు. ఆ విభజన చట్టవిరుద్ధమని న్యాయస్థానం 2019లో చెప్పింది. 2025 మే నెలలో సంతకమైన ఒప్పందంలో కూడా డియెగో గార్సియా 99 ఏళ్ల కౌలుకే పోతుంది, సంప్రదింపుల్లో చాగోస్ ప్రజల మాట సరిగా వినలేదన్న వాళ్ల ఆవేదన అలాగే ఉంది.

ఈ కథలో తర్వాతి అధ్యాయం ఇప్పటికే మొదలైంది, అది సముద్రగర్భంలో. పసిఫిక్ లోతుల్లో నికెల్, కోబాల్ట్, మాంగనీస్ ఉన్న గుండ్రాళ్లు పరచుకుని ఉన్నాయి. అంతర్జాతీయ జలాల్లో వాటిని వెలికితీయాలంటే ఏదో ఒక దేశం పూచీ ఉండాలి. ఒక కెనడా కంపెనీ అనుబంధ సంస్థకు పూచీగా నిలిచిన నౌరు 2021 జూన్‌లో, తవ్వకపు నియమాలు రెండేళ్లలో తేల్చమని అంతర్జాతీయ సముద్రగర్భ సంస్థను ఒత్తిడి చేసే నిబంధనను వాడుకుంది. మరుసటి ఏడాది పలావు, ఫిజీ, సమోవా ఆ తవ్వకాన్ని ఆపాలని కోరాయి. ట్యూనా రోజులు అమ్మడానికి ఒకే బల్ల దగ్గర కూర్చునే నౌరు, పలావు ఈ విషయంలో ఎదురెదురుగా నిలబడ్డాయి. నౌరును తప్పుపట్టడం తేలిక. పైనేల పోగొట్టుకుని, నిధులు పోగొట్టుకుని, శరణార్థి శిబిరంతో బడ్జెట్ నింపుకున్న దేశానికి మరో రాబడి కావాలి. కాని పూచీ ఇచ్చే దేశానికి వచ్చే వాటా ఎంత, లోతుల్లో నష్టం జరిగితే జవాబుదారీ ఎవరు, ఆ డబ్బును ఏ నిధిలో ఎవరు తాకకుండా దాస్తారు అన్నవి ఒప్పందం అమలులోకి రాకముందే కాగితం మీద తేలాలి.